జపాను సుతారి ఎడమచెయ్యి

ప్రమాణం చేసి చెబుతున్నాను, ఇందులో ప్రతి అక్షరమూ నిజం. ఒక్క మాట అబద్ధమైనా నేను కట్టిన గోడలన్నీ నా నెత్తిమీదే కూలాలి. దుబాయ్‌లో నేను ఇటుకలు పేర్చిన బిల్డింగుల్లో కాపురముంటున్నవాళ్ళు ఈ మాట విని సామాన్లు సర్దుకోనక్కర్లేదు, నా మీద నాకంత నమ్మకం. పైగా ఒట్టు పెట్టుకోవడానికి ఇంతకన్నా మంచి అదను దొరకదు. నా మాట కాదనే హక్కున్న ఒకే ఒక్క మనిషి, లచ్చయ్య కాక, పోయిన వారం తన ఊళ్ళో కన్నుమూశాడు. ఆయన కొడుకు వాయిస్ మెసేజ్ పెట్టాడు. ఇంటర్నేషనల్ సిటీలో నేనుండే గది గోడ ఎంత పల్చనంటే, పక్క వాటాలో ఎవడైనా తుమ్మితే ఇటునుంచి నేను చిరంజీవ అంటాను. ఆ గోడకు ఆనుకుని మెసేజ్ రెండుసార్లు విన్నాను. ఏడవాలో వద్దో తేలక చాయ్ పెట్టుకున్నాను. చాయ్ మరిగేలోపు మా ఇల్లు, మా బాపు, ఒక జపాను సినిమా, మూడూ ఒకదాని మీద ఒకటి పడి గుర్తొచ్చాయి.

లచ్చయ్య కాక దుబాయ్ సోనాపూర్‌లో మా కూలీల క్యాంపుకు నాతూర్. గేటు దగ్గర కుర్చీ వేసుకుని వచ్చే పోయే బస్సుల్ని చూసుకునే కాపలా పని. మా జిల్లాల వైపు మనిషే, అరవై దాటినవాడు. ఎవరికి ఒళ్ళు వెచ్చబడినా ముందొచ్చి నుదురు పట్టి చూసేది ఆయనే, అందుకే చిన్నాపెద్దా అందరికీ కాక అయ్యాడు. ఒకప్పుడు ఖాకీ బట్టలు తొడిగాననీ, హోంగార్డుగా చేశాననీ అప్పుడప్పుడు మీసం దువ్వుకుంటూ చెప్పేవాడు. ఏ ఠాణా, ఏం చేశావని మేమెవరం అడగలేదు. క్యాంపులో మనిషి వెనకటి బతుకు గురించి అడగడం, వాడు లేనప్పుడు వాడి పెట్టె తెరవడంతో సమానం.

కరోనా వచ్చి ఆ క్యాంపు గేటు మూసేశారు. తెల్లవారకముందే హారన్ కొట్టే బస్సులు రాలేదు. సైట్లు ఖలాస్. ముదీర్, అంటే మా మేనేజరు, ఫోన్ ఎత్తడం మానేశాడు. మంచం మీద మంచం వేసిన గదిలో పొద్దంతా బ్లీచింగ్ పొడి వాసన, మాడిన ఉల్లిగడ్డ వాసన, ఆరని లుంగీల వాసన. పని లేని చేతులు ఊరుకోవు కదా, మనుషులు కొట్టుకోవడం మొదలుపెట్టారు. చెప్పులు పక్కకు జరిపినందుకు ఒకడి పన్ను రాలింది. కుక్కర్‌కు వచ్చింది ఎన్నో విజిలన్న తగవులో, ఇనుప చువ్వలు వంచే మా గంగారాం ఒకణ్ణి గల్లా పట్టి ఎత్తి బట్టల కొక్కేనికి తగిలించాడు. చొక్కా గట్టిది, మనిషి సాయంత్రం దాకా వేలాడాడు. అన్నం కూడా అక్కడే తిన్నాడు.

ఆ కొట్లాటలు ఆపడానికే నెల్లూరు మహబూబ్ సినిమాలు మొదలుపెట్టాడు. ఎలక్ట్రీషియన్, సన్నగా వెదురుబద్దలా ఉంటాడు. ఆఫీసువాళ్ళు పారేసిన ప్రొజెక్టర్‌ను బాగుచేసి, కిటికీకి దుప్పటి కట్టి, గోడకు తెల్ల బెడ్‌షీటు తగిలించాడు. తెలుగు సినిమాలు వారంలో అయిపోయాయి, హిందీవి ఇంకో వారంలో. ఆ తర్వాత ఎవరి భాషలో దొరికితే వాళ్ళవి. అప్పుడు నాకు ఉద్యోగం వచ్చింది. సౌండ్ తగ్గించేసి, తెర పక్కన బకెట్ బోర్లించుకుని కూర్చుని, తెర మీద ఎవడు నోరు తెరిస్తే వాడి మాట నేను చెప్పాలి. చైనా మల్లయోధుల చేత కల్లుమండువ దగ్గర పంచాయితీ చేయించాను. కొరియా అత్తాకోడళ్ళను జగిత్యాల యాసలో తిట్టించాను. పక్కగది పెషావర్ డ్రైవర్, తెలుగు ముక్క రానివాడు, నా డబ్బింగ్ విని వెక్కివెక్కి ఏడ్చి, తర్వాత అది కామెడీ సినిమా అని తెలిసి నాతో రెండురోజులు మాట్లాడలేదు.

ఒక మధ్యాహ్నం మహబూబ్ జపాను సినిమా పెట్టాడు, ఫిలిప్పీనో సేఫ్టీ ఆఫీసర్ పెన్‌డ్రైవ్‌లోది. జపాను అనగానే కత్తులు, తలలు తెగి దొర్లడం ఉంటుందని అందరూ మంచాలెక్కి సర్దుకున్నారు. మూసిన గేటుకు కాపలా ఎందుకని లచ్చయ్య కాక కూడా చాయ్ గ్లాసు పట్టుకుని వచ్చి కింది మంచం అంచున కూర్చున్నాడు. తెర మీద బూడిద. యుద్ధం అయిపోయింది. ఊరికి ఊరే కాలిపోయి, ఇళ్ళ ముందరి రాతిమెట్లు మాత్రం మిగిలాయి. ఒక మనిషి మూట వీపున వేసుకుని నడిచి నడిచి వచ్చి, ఒక మెట్టు ముందు ఆగి, చెప్పులు విడిచాడు. లేని ఇంట్లోకి వెళ్ళడానికి చెప్పులు విడిచి, అవి పక్కపక్కన సరిగ్గా పెట్టి, బూడిదలో కాలుపెట్టాడు. ఆ ఒక్కచోట నేనేమీ మాట్లాడలేదు. మాట్లాడకుండా ఉండడం కూడా డబ్బింగే.

తర్వాత కథ నెమ్మదించింది. ఆయన బూడిద తవ్వి కరిగి ముద్దయిన దువ్వెన ఒకటి ఏరుకున్నాడు. భార్యదని మాకందరికీ తెలిసిపోయింది. ఒక చెక్కమీద గిన్నెడు అన్నం పెట్టి చేతులు జోడించాడు. పక్కింటి చోట ఒకామె రేకు కింద ఒంటరిగా ఉంది, ఈయనతో మాట్లాడదు, ఈయనా ఆమెతో మాట్లాడడు. పైమంచం వాళ్ళు ఆవలించడం మొదలుపెట్టారు. అంతలో ఆయన గుంత తవ్వి, మన్ను పోసి, గడ్డి కోసి వేసి, నీళ్ళు పోసి తొక్కడం మొదలుపెట్టాడు. అంతే, గదికి గది లేచి కూర్చుంది. చాలామంది గోడల పనివాళ్ళే కదా. గడ్డి పెద్దగా కోశాడని ఒకడు, మన్ను ఒక రాత్రి పులియనివ్వాలని ఇంకొకడు, వెదురుబద్దలు అల్లుతుంటే అది మన తడికేనని మరొకడు. జపానోడు సుతారి అని తేలిపోయింది. మా వైపు గోడలు కట్టే మేస్త్రీని సుతారి అంటాం.

ఆ సుతారి ఎడమచేతికి గుడ్డ చుట్టి ఉంది. ఆ చెయ్యి దేనికీ వాడడు. బుట్టను మోచేతికి తగిలించుకుంటాడు, బద్దను గడ్డం కింద నొక్కిపెట్టి కుడిచేత్తో కడతాడు. ఎందుకో సినిమా చెప్పలేదు. చెప్పినా జపానులో చెప్పి ఉంటుంది. గంగారాంకు అది నిద్రపట్టని సంగతైంది. ఆ చెయ్యి ఎవడు విరగ్గొట్టిండో చెప్పు సత్తన్నా, ఒక్క దెబ్బన్నా లేకుంట గిదేం సినిమా, అని నన్ను నిలదీశాడు. నేను నోరు తెరిచాను. ఆ చెయ్యి ఎట్ల విరిగిందంటే, అన్నాను. అంతే, నోరు నన్నడక్కుండా మా ఊరి బాట పట్టింది.

మా ఇల్లు ఊరి చివర. గోడలు బాపు, అంటే నాన్న, తొక్కిన మట్టివి. వేసవిలో వాటికి వీపు ఆనిస్తే కుండకు ఆనినట్టుండేది. లోపల ఎప్పుడూ తునికాకు వాసన. మా అవ్వ, అంటే అమ్మ, బీడీలు చుట్టేది. నానబెట్టిన ఆకుకట్ట పొద్దున్నే విప్పితే తడిసిన అడవి ఇంట్లోకి వచ్చినట్టుండేది. ఒళ్ళో చాట, చేతిలో కత్తెర, కళ్ళు మాత్రం వాకిట్లో. ఆకు కత్తిరించి, తంబాకు పోసి, చుట్టి, దారం కట్టడం ఆమె చేతులు వాటంతటవే చేసేవి. మమ్మల్ని తిడుతూ చుట్టేది, ఏడుస్తూ చుట్టేది, ఒకసారి గురకపెడుతూ కట్టెడు బీడీలు చుట్టింది, నా కళ్ళతో చూశాను. ఆ చేత్తో కలిపిన పచ్చిపులుసు అన్నంలో తంబాకు ఘాటు ఉండేది. ఇప్పుడు ఎంత మంచి హోటల్లో తిన్నా ఏదో తక్కువైనట్టుంటుంది, అదే.

బాపు పనినుంచి రాగానే కాళ్ళు కడుక్కునేవాడు కాదు, ముందు తాపీ కడిగేవాడు. నీళ్ళ గోళెం పక్కన గొంతుక్కూర్చుని, అంచుకంటిన సిమెంటును గోటితో గీకి, నీళ్ళు పోసి, తడిగుడ్డతో తుడిచి, దూలానికీ కప్పుకీ మధ్య సందులో చెక్కేవాడు. ఆ తర్వాతే కాళ్ళు, ఆ తర్వాతే కల్లు. పిల్లల్ని కూడా అంత శుభ్రంగా ఎన్నడూ కడగలేదని అవ్వ దెప్పేది. పిల్లలు పోతే మళ్ళ పుడతరు, తాపీ పోతే పుడతదా అనేవాడు ఆయన. అవ్వ కత్తెర విసిరేది. రోజూ గురి తప్పేది, రోజూ ఆయన తల వంచేవాడు. మా ఇంట్లో సరసమంటే అదే.

అది మా ఊళ్ళో రెండు రాజ్యాలు నడిచిన కాలం. పగలు పోలీసులది, చీకటి పడితే అన్నలది. అన్నలంటే అడవిలో తుపాకులు పట్టినవాళ్ళు. అన్నం పెట్టారని పోలీసులు కొట్టేవాళ్ళు, నీళ్ళిచ్చారని అన్నలు కొట్టేవాళ్ళు. పొద్దున లేచేసరికి బడి ముందు ఎవడో ఒకడు తల చితికి పడి ఉండేవాడు, ఈగల్ని తోలేవాడు కూడా ఉండడు. తోలితే వాడి మనిషని రాసుకుంటారు. చాకలి రాజేశాన్ని జీపు వెనక కట్టి చెరువుకట్ట పొడుగునా ఈడ్చారు, ఆ బాటలో వారం రోజులు పశువులు నడవలేదు, ముట్టె కిందికి పెట్టి వాసన చూసి వెనక్కి తిరిగేవి. నాకప్పుడు మీసం మొలుస్తోంది. బాపు దగ్గర మాలు, అంటే సిమెంటూ ఇసుకా, కలిపే పని. రక్తం ఎండితే మాలు రంగుకొస్తుందని ఆ వయసులో తెలుసుకోవడం మంచిది కాదు.

ఊరి కుర్రాళ్ళు ముగ్గురు అడవిలో కాల్పుల్లో పోయారు. వాళ్ళ పేరుమీద స్తూపం కట్టమని బాపుకు కబురొచ్చింది. కాదంటే ఏమవుతుందో బడి ముందు చూస్తూనే ఉన్నాం. బాపు మంచి ఇటుక తెచ్చి, చిక్కటి మాలుతో, ఇల్లు కట్టినంత శ్రద్ధగా కట్టాడు. ఎర్ర రంగు వేశారు. పోలీసులొచ్చారు. మగవాళ్ళందర్నీ బావి దగ్గర బోర్లా పడుకోబెట్టి, అరికాళ్ళు వాచేదాకా కొట్టి, కట్టినోడే కూలగొట్టాలన్నారు. బాపు తన సమ్మెటతో తనే కూలగొట్టాడు. గట్టిగా కట్టినందుకు పొద్దున్నుంచి పొద్దుగూకేదాకా పట్టింది. వాళ్ళు పోగానే అన్నలొచ్చారు. ఎందుకు కూలగొట్టినవని వేపచెట్టుకు కట్టి బెల్టుతో చీరి, మళ్ళీ కట్టమన్నారు. బాపు మళ్ళీ కట్టాడు, ఈసారి సిమెంటు తగ్గించి. పోలీసులు మళ్ళీ వచ్చారు, దెబ్బలు మళ్ళీ పడ్డాయి, కూల్చడం మధ్యాహ్నానికే అయిపోయింది. మూడోసారి కట్టేటప్పుడు మాలులో నేను సిమెంటు పోయబోతే నా చెయ్యి పట్టుకున్నాడు. "ఎట్లైన కూలగొట్టేది మనమే గదరా," అన్నాడు, "నడుమన్న మిగులనీ." ఇసుకలో సిమెంటు వాసన మాత్రం చూపించి, పైన నున్నగా పూత పూసి, ఎర్ర రంగు కొట్టాం. చూడ్డానికి మూడింట్లోకీ అదే అందంగా ఉంది.

అక్కడే లెక్క తప్పింది. ఆసారి వచ్చిన పోలీసు సారు కొత్తవాడు, హుషారైనవాడు. సమ్మెట తెచ్చేదాకా ఆగలేక బూటుకాలితో ఒక్క తన్ను తన్నాడు. స్తూపం నిట్టూర్చినట్టు మెత్తగా కూలి, సారును నెత్తి నుంచి బూట్లదాకా ఎర్రదుమ్ముతో కప్పేసింది. బోర్లా పడుకున్నవాళ్ళలో ఎవరో నవ్వారు. ఆ నవ్వు ఎవరిదో ఈనాటికీ తేలలేదు. సారు కళ్ళు తుడుచుకుని, నాతోని మజాకా అని, బాపును ముందుకు ఈడ్పించాడు. "ఏ చేత్తోని కట్టినవ్‌రా?" అన్నాడు. బాపు తన రెండు చేతుల్నీ సంతలో ఎడ్లను చూసినట్టు మార్చి మార్చి చూసుకున్నాడు. ఎడమచెయ్యి ఎత్తాడు. మొహానికి రుమాలు కట్టుకున్న హోంగార్డు ఒకడు ఆ చెయ్యిని స్తూపం దిమ్మె మీద పెట్టించి, మా సమ్మెటే తీసుకుని కొట్టాడు. ఒక దెబ్బతో ఆగలేదు. పచ్చి వెదురు విరిచినట్టు చప్పుడు. బాపు అరుపు తర్వాత వచ్చింది, చాలా సేపటి తర్వాత, ఎవరో వేరేవాళ్ళ ఇంట్లోంచి వచ్చినట్టు. అవ్వ పరిగెత్తుకొచ్చి తడి తునికాకులు చుట్టి, చాటకున్న వెదురుబద్దలు పీకి కట్టు కట్టింది. తాపీ పట్టే చెయ్యి ఇస్తే ఏం తింటరు మీరు, అన్నాడు బాపు నాతో, పళ్ళు గిట్టకరుచుకుని.

కానీ సుతారికి కుడిచెయ్యి ఒక్కటే ఉంటే సరిపోదు. కుడిచెయ్యి మాలు పరిస్తే ఎడమచెయ్యి ఇటుక పెట్టాలి. ఆ వేళ్ళు కొంగముక్కులా వంగి అట్లాగే బిగుసుకుపోయాయి. ఆ తర్వాత ఆయన ఎడమచెయ్యిని నేనే. ఆయన మాలు పరిచేవాడు, నేను ఇటుక పెట్టేవాణ్ణి, ఆయన తాపీ పిడితో తట్టేవాడు. ఇటుక వంకరపోతే నన్ను తిట్టేవాడు కాదు, గుడ్డ చుట్టిన తన చెయ్యినే తిట్టేవాడు. కాలిన ఇళ్ళు, కూలిన గోడలు, పోలీసులు పేల్చినవి, అన్నలు పేల్చినవి, ఊరంతా మేం తండ్రీకొడుకులం ఒక్క మనిషిలా మళ్ళీ కట్టుకుంటూ వచ్చాం.

ఇదంతా ఆ మధ్యాహ్నం జపాను కథ చేసి చెప్పాను. అన్నల్ని ఓడిపోయిన సైన్యం చేశాను, పోలీసుల్ని గెలిచిన సైన్యం చేశాను, స్తూపాన్ని గుడి చేశాను. దుమ్ములో మునిగిన సారు దగ్గర గది పగలబడి నవ్వింది. ఏ చేత్తో కట్టావన్న దగ్గర ఆగిపోయింది. తెర మీద సుతారి గోడకు మొదటి పూత పూస్తున్నాడు. అప్పుడు కింది మంచం మీదినుంచి లచ్చయ్య కాక నిదానంగా అన్నాడు.

"జపానుల గూడ గట్లనే అడుగుతరా? మేం అడుగుతుంటిమి, ఏ చేత్తోని కట్టినవని."

ఎక్కడ అని అడిగాను. మా మండలం పేరు చెప్పాడు, మా ఊరి పేరు చెప్పాడు. ఎర్ర స్తూపం, బూటు తాకితే కూలింది, సార్ మీద దుమ్ము వడ్డది, మేం ఠాణాల నెలదినాలు నవ్వుకున్నం బిడ్డా, అని ఇప్పుడు కూడా కొంచెం నవ్వాడు. కొట్టిందెవరు అని అడిగాను. "నేనే," అన్నాడు. "సమ్మెట నా చేతులనే ఉండె. రుమాలు కట్టుకుంటి."

మంచం కింద బట్టలారేసుకునే ఇనుప పైపు ఉండేది. అది నా చేతిలోకి ఎట్లా వచ్చిందో తెలియదు. ముందు ఆయన గొంతు పట్టుకుని బీరువాకేసి కొట్టాను, రేకు సొట్టపోయింది, కనుబొమ్మ చిట్లి రక్తం చెంప మీదికి కారింది. రెండోసారి కొట్టాను. చాయ్ గ్లాసు పగిలి నా అరికాల్లో దిగింది, అది రాత్రి దాకా తెలియలేదు. గంగారాం నా నడుం పట్టుకుంటే వాడి ముంజేతిని రక్తం వచ్చేలా కొరికాను. తోపులాటలో ప్రొజెక్టర్ వెల్లకిలా పడి, జపాను సుతారి వెళ్ళి మా గది పైకప్పుకు పూత పూయడం మొదలుపెట్టాడు. మహబూబ్ మధ్యలోకి దూరాడు. "అన్నా, గమ్మునుండన్నా. గేటు మూసుండాది, పోలీసోళ్ళు వొస్తే జైలన్నా, ఆడ్నించి ఆడ్నే ఇంటికి పంపిచ్చేస్తారు," అన్నాడు. పంపిస్తే పంపించనీ అనుకున్నాను. ఎన్నో ఏళ్ళుగా, ఎక్కడ ఇటుక ఎత్తినా, రుమాలు కట్టిన ఆ మొహం కోసమే చూస్తున్నాను. ఆ చెయ్యి విరిస్తే చాలు, తర్వాత బతుకు ఏమైపోయినా సరే.

లచ్చయ్య కాక కింద కూలబడ్డవాడు లేచి, ఎవరూ అడక్కుండానే, తన ఎడమచెయ్యి తెచ్చి మంచం నిచ్చెన మెట్టు మీద పెట్టాడు. గంగారాం పట్టు సడలింది. నేను పైపు ఎత్తాను. అప్పుడాయన ఈ మాట అన్నాడు.

"ఆయిన అబద్ధమాడిండని నాకెర్కే బిడ్డా. కుడి అరచేతిల తాపీ కాయలు కనవడ్డయి. మా నాయిన గూడ సుతారే. సార్‌కు చెప్తే కుడిదే తీసుకుంటుండె. నేను చెప్పలే. ఎడమదాని మీదనే కొట్టిన."

పైపు దింపేశాను. చెయ్యి జారి అది నా కాలిమీదే పడింది. గంగారాం కాక కనుబొమ్మకు టవల్ అదిమాడు. మహబూబ్ ప్రొజెక్టర్ నిలబెట్టి, మిగతాది చెప్పన్నా అన్నాడు. బకెట్ మీద కూర్చుని మెల్లగా చెప్పాను. జపాను సుతారి గోడ పూర్తయింది. వాన వచ్చింది, గోడ నిలిచింది. గుంతలో మన్ను కొంత మిగిలిపోతే, ఆయన దాన్ని బుట్టకెత్తి, మోచేతికి తగిలించుకుని, రేకు కింద ఉన్న ఆ ఒంటరి ఆవిడ చోటులో కుమ్మరించి వచ్చాడు. ఆమె ఒక్క మాట అనకుండా పాదాలు కడుక్కుని మట్టి తొక్కడం మొదలుపెట్టింది. అక్కడికి సినిమా ఖలాస్. చివర్లో నేను వాళ్ళిద్దరికీ పెళ్ళి చేయబోయి మానుకున్నాను.

ఇప్పుడు చూస్తే, మా బాపు పది ఊళ్ళు తిరిగి జీవితకాలంలో కట్టినన్ని గోడలు మేమిక్కడ ఒక సీజన్‌లో లేపేస్తాం. మాలు లారీలో కలిసి వస్తుంది, గొట్టంలోంచి పైకి ఎక్కుతుంది, ఎవడి చెయ్యీ దానికి తగలదు. మా మట్టిగోడలో చేత్తో తడిమితే బాపు మడమ దిగిన గుంట తెలిసేది, చీకట్లో నీళ్ళకు లేచినప్పుడు దాన్ని పట్టుకునే గోళెం దగ్గరికి వెళ్ళేవాణ్ణి. ఇక్కడ యాభై అంతస్తులు కట్టాను, ఏ గోడలో తడిమినా ఎవరూ లేరు. అయితే ఇక్కడ ఎవరూ ఏ చేత్తో కట్టావని అడగరు. ఏ గోడనూ మళ్ళీ నా చేత కూలగొట్టించలేదు. అది తక్కువ సుఖమేమీ కాదు, దాని కోసమే కదా ఇంత దూరం వచ్చింది.

సరే, గోడలు నెత్తిమీద కూలకముందే ఒప్పుకుంటాను. ఊరు నిజం, స్తూపం నిజం, సారు మీద పడిన దుమ్ము నిజం, బాపు ఎత్తిన ఎడమచెయ్యి నిజం, సమ్మెట పట్టింది లచ్చయ్య కాక అన్నదీ నిజం. కొక్కేనికి వేలాడినవాడు సాయంత్రం దాకా లేడు, అన్నంవేళకే దింపేశాం. కానీ నేను కల్పించింది అది కాదు. కాయలు చూశానని, సారుకు చెప్పలేదని లచ్చయ్య కాక అనలేదు. నిచ్చెన మెట్టు మీద చెయ్యి పెట్టి, నెత్తురు కళ్ళలోకి కారుతుంటే, ఆయన అన్న మాట ఇది: "యాది లేదు బిడ్డా. స్తూపం కూలింది యాదున్నది. చెయ్యి యాది లేదు. మస్తు మందిని కొట్టినం."

ఎత్తిన పైపు అట్లాగే ఉండిపోయింది. అన్నేళ్ళు మోసిన దెబ్బ, కొట్టినవాడి దగ్గర లేదు. అప్పుడు విరిస్తే, ఎందుకు విరిగిందో తెలియకుండానే ఆ చెయ్యి విరుగుతుంది, నాకు మళ్ళీ ఏమీ మిగలదు. అందుకని నేనే చెప్పాను. నీకు యాది లేదు, నాకున్నది, నువ్వు ఆయన అరచెయ్యి చూసినవ్ కాక, కాయలు చూసినవ్, సార్‌కు చెప్పలేదు అన్నాను. అప్పటికప్పుడు పుట్టించాను. మా బాపు చెయ్యిని విరిచేముందు ఒక్కడైనా దాన్ని చూశాడని నాకు కావాలి. ఆయన వేరే ఎవరిదో సినిమా చూస్తున్నట్టు నోరు తెరుచుకుని విన్నాడు. మర్నాడు గదికొచ్చి మళ్ళీ చెప్పమన్నాడు. చెప్పాను. కొన్నాళ్ళకు గేటు దగ్గర కొత్తగా వచ్చిన కుర్రాళ్ళకు తనే చెబుతుంటే విన్నాను, కళ్ళు తుడుచుకుంటూ, తన తండ్రి కూడా సుతారేనని. వాళ్ళ నాయన జన్మలో తాపీ పట్టలేదు, గొర్లు కాసేవాడు. ఆ ముక్క ఆయనే కలిపాడు, దాని పాపం నాది కాదు.

మెసేజ్‌లో కొడుకు అదే చెప్పాడు. చివరి రోజుల్లో నాయన ఎవరో సుతారి చెయ్యి కాపాడిన ముచ్చటే చెప్పుకుంట పోయిండట, ఊరంతా దేవుడసొంటి మనిషి అన్నదట. కావచ్చు. లచ్చయ్య కాక మంచివాడై పోయాడు. మా బాపు చెయ్యి చితిమీద వంకరగానే కాలింది.